నల్లమల చెంచుల్లో తప్పు, పాపం, తీర్పు

కృష్ణకు ఉత్తరాన, ఒకప్పటి మహబూబ్‌నగర్ జిల్లాలో, 2016 నుంచి నాగర్‌కర్నూల్ జిల్లాలో ఉన్న అమ్రాబాద్ పీఠభూమి చెంచుల నివాసం. వీరు దేన్ని తప్పుగా లెక్కిస్తారు, ఆ తప్పుకు తీర్పు ఎవరు చెబుతారు, తీర్పు తర్వాత మనిషి మీద మచ్చ ఎంతకాలం ఉంటుంది అన్న ప్రశ్నలు 1940ల నుంచి మానవశాస్త్రంలో చర్చకు వస్తూనే ఉన్నాయి. ఆ చర్చను మొదలుపెట్టినవాడు ఆస్ట్రియాకు చెందిన క్రిస్టోఫ్ ఫాన్ ఫ్యూరర్-హైమెన్‌డార్ఫ్ (1909–1995). పాపం, అపరాధభావం, సంఘం వేసే శిక్ష అనగానే సాహిత్య విద్యార్థులకు నథానియల్ హాథార్న్ 1850లో బోస్టన్‌లో ప్రచురించిన ‘ది స్కార్లెట్ లెటర్’ నవల గుర్తుకొస్తుంది. తప్పు చేసిన మనిషి ఊరు విడిచి పోలేని చోట శిక్ష ఏ రూపం తీసుకుంటుందో ఆ నవల చూపిస్తుంది. పొద్దున్నే మూట కట్టుకుని మరో పెంటకు వెళ్ళిపోగలిగిన చోట ఏం జరుగుతుందో చెంచుల జీవితం చూపిస్తుంది. అందుకే ఈ వ్యాసంలో రెండింటినీ పక్కపక్కన పెట్టి చూడడం జరిగింది.

ప్రాంతం, ప్రజలు

అమ్రాబాద్ పీఠభూమి రెండు అంతస్తుల్లో ఉంటుంది. అమ్రాబాద్, మన్ననూరు, పదర ఊళ్ళున్న కింది అంతస్తులో వ్యవసాయం సాగుతుంది, అన్ని కులాల వాళ్ళూ ఉంటారు. పైది ఫరహాబాద్ వైపు అడవి. నిజాం కాలంలో అది షికారుకు పేరుపడ్డ చోటు. అప్పాపూర్, రాంపూర్, బౌరాపూర్, మేడిమల్కల లాంటి చెంచు పెంటలు ఈ పై భాగంలోనే ఉన్నాయి. పెంట అంటే కొన్ని గుడిసెల గుంపు. ఏ పెంటవాళ్ళు ఏ గుట్టల్లో, ఏ వాగుల పక్కన దుంపలు తవ్వుకోవాలి, తేనె తీసుకోవాలి అన్నది వారసత్వంగా వస్తుంది. అయితే చుట్టరికం ఉన్న మరో పెంటకు వెళ్ళి అక్కడే నెలలు, ఏళ్ళు ఉండిపోవడానికి ఎవరూ అడ్డుచెప్పరు. ఈ వెసులుబాటును గుర్తుపెట్టుకోవాలి, వీరి న్యాయమంతా దాని మీదే నడుస్తుంది.

ఇంటిపేర్లే గోత్రాలు: చిగుర్ల, నిమ్మల, మండ్లి, దాసరి, బల్మూరి మొదలైనవి. ఒకే ఇంటిపేరు వాళ్ళు అన్నాచెల్లెళ్ళ వరస అవుతారు, వాళ్ళ మధ్య పెళ్ళి కుదరదు. 2011 జనాభా లెక్కల నాటికి ఉమ్మడి ఆంధ్రప్రదేశ్‌లో చెంచుల సంఖ్య సుమారు 64 వేలు. వీరిని కేంద్రం ప్రత్యేకించి బలహీనమైన గిరిజన తెగల్లో చేర్చింది.

పరిశోధన చరిత్ర

చెంచుల గురించి ఇంగ్లీషులో వచ్చిన తొలి రచనల్లో కెప్టెన్ న్యూబోల్డ్ 1846లో రాసిన వ్యాసం ఒకటి. 1909లో వెలువడిన థర్‌స్టన్ కులాలు, తెగల సంపుటాల్లోనూ వీరి గురించి ఉంది. ఆ కాలపు రచనల్లో వింత చూసిన ఆశ్చర్యం, పోలీసు చూపు కలగలిసి ఉంటాయి. నీతి గురించి అడగాలన్న ఆలోచన అప్పట్లో ఎవరికీ వచ్చినట్టు లేదు.

హైమెన్‌డార్ఫ్ అమ్రాబాద్ చేరడం యుద్ధం పుణ్యమే. 1939లో ఇండియాకు వచ్చిన అతని దగ్గర జర్మనీ పాస్‌పోర్టు ఉంది. యుద్ధం మొదలవగానే శత్రుదేశీయుడై హైదరాబాద్ సంస్థానం దాటి పోలేకపోయాడు. దాంతో 1940లో భార్య బెట్టీతో కలిసి చెంచు పెంటల మధ్య డేరా వేశాడు. ఆ పరిశోధన ఫలితంగా 1943లో ‘ది చెంచూస్: జంగిల్ ఫోక్ ఆఫ్ ది డెక్కన్’ వెలువడింది. పుస్తకం రాకముందే, 1942లో, నిజాం ప్రభుత్వం సుమారు లక్ష ఎకరాల అడవిని చెంచుల కోసం ప్రత్యేకించింది.

మన విషయానికి ఎక్కువ అవసరమైనవి అతని తర్వాతి రచనలు రెండు. 1967 నాటి ‘మోరల్స్ అండ్ మెరిట్’లో చెంచులను గోండులు, అపతానీలు, షేర్పాలు మొదలైన సమాజాల సరసన పెట్టి, ఒక్కో సమాజంలో నీతిని నిలబెట్టేది ఏమిటని పరిశీలించాడు. 1974లో అచ్చైన ఉపన్యాసంలో పాపభావనను నేరుగా విషయంగా తీసుకుని, పాపభయం మనుషులందరికీ పుట్టుకతో వచ్చేది కాదని వాదించాడు. పాశ్చాత్య విద్యాలోకంలో అప్పటికి మరో మాట చలామణిలో ఉంది. రూత్ బెనెడిక్ట్ 1946లో జపాన్ మీద రాసిన పుస్తకంలో అపరాధభావం మీద నడిచే సంస్కృతులు, నలుగురి ముందు సిగ్గు మీద నడిచే సంస్కృతులు అని విడదీసింది. చెంచులు ఈ రెండు గదుల్లో దేనిలోనూ సరిగ్గా ఇమడరు. హైమెన్‌డార్ఫ్ పరిశీలన విలువ అందులోనే ఉంది.

పెద్దమనిషి, పంచాయితీ, నడక

పెంటకో పెద్దమనిషి ఉంటాడు. తగవు వస్తే అతనూ, మిగతా పెద్దలూ చెట్టుకింద కూర్చుని మాట్లాడతారు. ఇద్దరి వైపు మాటలూ వింటారు, తప్పు కట్టమంటారు. కట్టినది చాలాసార్లు అందరూ కలిసి తాగే ఇప్పసారాగా మారిపోతుంది. అయితే కట్టనన్న వాడిని కట్టించే బలం పెద్దమనిషి చేతిలో లేదు. అతనికి తలారి లేడు, బందెలదొడ్డి లేదు, కొరడా లేదు. అతని మాటకు ఉన్న విలువంతా ఎదుటివాళ్ళు ఇచ్చిందే.

అసలు తీర్పు నడకతో జరుగుతుంది. పొసగని వాళ్ళు విడిపోతారు. కోపం వచ్చిన కుటుంబం గంపలూ కుండలూ సర్దుకుని బామ్మర్ది ఉన్న పెంటకో, మేనమామ ఉన్న పెంటకో పోతుంది. కొన్ని నెలలకు కోపం చల్లారితే తిరిగొస్తుంది, లేకపోతే అక్కడే ఉండిపోతుంది. పొరుగువాళ్ళతో నిత్యం తగవు పెట్టుకునే మనిషిని ఎవరూ వెలివేయాల్సిన పని ఉండదు. మెల్లగా అతని చుట్టూ గుడిసెలు ఖాళీ అవుతాయి. వేటకు తోడు దొరకదు, మాంసంలో పాలు పంచేవాడు ఉండడు. అడవిలో ఒంటరి బతుకు ఎంత కష్టమో అందరికీ తెలుసు. ఆ తెలివిడే మనిషిని అదుపులో ఉంచుతుంది. ఎవరిని నమ్మవచ్చు, ఎవరిని నమ్మకూడదు అన్న లెక్క వీరి దగ్గర పచ్చిగా, దాపరికం లేకుండా ఉంటుంది. కొండచరియ మీద తేనెపట్టు తీయడానికి తాడు పట్టుకుని దిగేవాడు ఆ తాడు పై కొసను సొంత అన్నదమ్ముడి చేతికి ఇవ్వడు, బామ్మర్దికి ఇస్తాడు. తమ్ముడికి వదిన మీద ఆశ ఉండవచ్చు. అక్క తాళి తెగాలని మాత్రం బామ్మర్ది కోరుకోడు. చెంచులు ఈ మాట నవ్వుతూనే చెబుతారు కానీ, మనిషి మనసులో ఏముంటుందో వాళ్ళకు తెలియదని ఎవరూ అనలేరు.

ఆడామగా సంబంధాలు, హెస్టర్ కథ

‘ది స్కార్లెట్ లెటర్’ కథ 1640ల నాటి బోస్టన్‌లో జరుగుతుంది. భర్త దూరదేశంలో ఉండగా బిడ్డను కన్న హెస్టర్ ప్రిన్‌ను ఊరు బొండకొయ్య వేదిక ఎక్కించి నిలబెడుతుంది. వ్యభిచారానికి గుర్తుగా ఎర్రటి ‘ఏ’ అక్షరాన్ని బతికినంతకాలం రొమ్ము మీద ధరించాలంటుంది. బిడ్డ తండ్రి ఆ ఊరి పాస్టర్ డిమ్స్‌డేల్. అతను నోరు విప్పడు. అతని రోగం శరీరానిదా మనసుదా తెలియక ఊరు అతన్ని మరింత పుణ్యాత్ముడిగా కొలుస్తుంది. పేరు మార్చుకుని వైద్యుడిగా చేరిన హెస్టర్ భర్త చిల్లింగ్‌వర్త్ అతని అంతరాత్మను ఏళ్ళ తరబడి తవ్వుతూ కూర్చుంటాడు. హాథార్న్ ఈ అక్షరాన్ని గాలిలోంచి పుట్టించలేదు. 1658 నాటి ప్లిమత్ చట్టంలో బట్టల మీద అక్షరాలు కుట్టించే శిక్ష ఉంది. 1644లో మసాచుసెట్స్‌లో వ్యభిచార నేరం మీద ఒక స్త్రీనీ ఒక పురుషుడినీ ఉరితీశారు. రచయిత పూర్వీకుడు జాన్ హాథార్న్ 1692 సేలం మంత్రగత్తెల విచారణల్లో న్యాయాధికారి. ఆ విచారణల్లో 19 మందిని ఉరితీశారు. ఆ ఇంటి మచ్చ వారసుడి నవలలో కనబడుతుంది.

అమ్రాబాద్ పెంటల్లో ఇలాంటి సంఘటన వేరే దారి పడుతుంది. పెళ్ళి పెద్ద తంతు కాదు, విడిపోవడానికి కూడా పెద్ద తంతు అక్కర్లేదు. నచ్చినవాడితో లేచిపోయిన జంట కొన్నాళ్ళు మరో పెంటలో ఉండి వస్తే భార్యాభర్తలే. భర్తపోయిన ఆడది మళ్ళీ మనువు చేసుకోవడం మామూలు. పెళ్ళైన ఆడది వేరేవాడితో పోతే భర్త తగవు పెట్టుకుంటాడు, పంచాయితీ పిలుస్తాడు, ఆమెను కొట్టవచ్చు కూడా. కానీ ఆమె తిరిగి రానంటే కథ అక్కడితో ముగుస్తుంది. కొత్త మగనితో ఆమె కాపురం మామూలు కాపురమే. ఆ కాపురంలో పుట్టిన పిల్లలకు పేరు పెట్టి వెక్కిరించే అలవాటు లేదు.

దీన్ని స్వర్గంగా చూపించడం తప్పు. కొట్టడం కొట్టడమే, తాగి గొడ్డలి ఎత్తిన మగవాడు చెంచు అయినంత మాత్రాన మంచివాడైపోడు. చూడాల్సింది మరొకటి. ఆ ఆడదాని మీద జరిగేది ఒక మనిషి కోపం. పెంట మొత్తం ఆమెను వేదిక ఎక్కించి చూడదు.

ఒక్క విషయంలో మాత్రం పెంట కఠినంగా ఉంటుంది, అది వరస తప్పడం. ఒకే ఇంటిపేరు వాళ్ళు కలిస్తే అది ఇద్దరి వ్యవహారంగా మిగలదు. పెళ్ళిళ్ళ వల్లే చుట్టరికం, చుట్టరికం వల్లే మరో పెంటకు పోయే దారి. ఆ దారి మూసుకుపోతే చెంచు న్యాయానికే ఆధారం పోతుంది. వీరి నీతిలో గట్టి నిషేధం సరిగ్గా ఇక్కడే ఉండడం కాకతాళీయం కాదనిపిస్తుంది.

నవలలో కూడా అడవి ఉంది. హెస్టర్ అక్కడ అక్షరాన్ని తీసి పారేసి జుట్టు విప్పుకుంటుంది. కూతురు పెర్ల్ మాత్రం తల్లి దాన్ని మళ్ళీ పెట్టుకునేదాకా దగ్గరికి రాదు. కథలో బహుశా అన్నిటికంటే కఠినమైన ఘట్టం ఇదే. బోస్టన్ విడిచి పోవడానికి హెస్టర్‌కు దారి ఉందని రచయితే చెబుతాడు. ఆమె పోదు. చివర్లో సముద్రం దాటి వెళ్ళి కూడా తిరిగొచ్చి, ఎవరూ అడగకుండానే ఆ అక్షరం పెట్టుకుంటుంది. అంటే దారి ఉండడం ఒక్కటే చాలదు. మచ్చ మనిషి లోపలికి దిగిందా లేదా అన్నది రెండో ప్రశ్న. దానికి జవాబు దేవుళ్ళ దగ్గర వెతకాలి.

గారెలమైసమ్మ కోపం

చెంచులకు పైన భగవంతరు ఉన్నాడు. వానా, ఉరుమూ అతని పని. లింగమయ్య ఉన్నాడు. చైత్ర పౌర్ణమికి సలేశ్వరంలో జరిగే అతని జాతరకు మైదానాల నుంచి కూడా జనం వస్తారు. రోజూ మొక్కేది మాత్రం గారెలమైసమ్మకు. వేటా, అడవి పండూ ఆమె చేతిలో ఉంటాయి. వేటలో దొరికిన దానిలో ముందుగా ఆమెకు తీసి పెడతారు.

ఈ దేవతలు మనుషులు ఒకరికొకరు చేసుకునే అన్యాయాల చిట్టా రాయరన్నది హైమెన్‌డార్ఫ్ గమనించిన ముఖ్యమైన విషయం. భార్యను వదిలినవాడి మీదో, మాట తప్పినవాడి మీదో దేవత పగబట్టదు. చచ్చాక ఆ పద్దు ఎవరూ తీసి చూడరు. నరకం అనే మాట మైదానం నుంచి వినబడినా, దాని బరువు పెంటలో లేదు. కాబట్టి డిమ్స్‌డేల్ లాంటి మనిషి ఇక్కడ పుట్టడం కష్టం. అతన్ని చంపింది ఊరు కాదు, ఊరికి తెలియని విషయం దేవుడికి తెలుసన్న ఎరుక.

అయినా పాపం అన్న భావన వీరికి బొత్తిగా లేదనడం సరికాదు. పూర్వం ఆడ జంతువును వేటాడేవాళ్ళు కాదని, అలా చేస్తే గారెలమైసమ్మకు కోపం వస్తుందని పెద్దలు హైమెన్‌డార్ఫ్‌తో చెప్పారు. అడవికి చేసే అపచారానికి దేవత సాక్షి. మనిషికి చేసే అపచారానికి మనుషులే సాక్షులు. బోస్టన్ పాస్టర్లకు ఈ విభజన అర్థమయ్యేది కాదు. మన పురాణాల్లో మునిగిన మైదానపు తెలుగువాడికి కూడా అంత తేలిగ్గా అర్థం కాదు.

మైదానం చూపు

పీఠభూమి దిగితే అచ్చంపేట వైపు ఊళ్ళలో వేరే న్యాయం ఉండేది. తెలుగు పల్లెల్లో కులపెద్దలు వెలివేస్తే నిప్పూ నీళ్ళూ బంద్, మంగలీ చాకలీ రారు. గుండు గొరిగించి గాడిద మీద ఊరేగించడం, చెప్పుల దండ వేయడం తెలియని ప్రాంతం లేదు. హెస్టర్ వేదికకు మన దగ్గర సాటి వచ్చేవి ఇవే. తేడా ఒకటుంది. మన వెలి తరచుగా ఒక్క మనిషితో ఆగదు, ఇంటిల్లిపాదికీ తగులుతుంది, ఒక్కోసారి పెళ్ళి కావలసిన మనవరాలి దాకా పోతుంది. మహారాష్ట్ర 2016లో సంఘ బహిష్కరణను నేరంగా చేస్తూ ప్రత్యేక చట్టమే తెచ్చింది.

ఈ మైదానమే చెంచు ఆడపడుచును దేవుడికి ఇచ్చి పెళ్ళి చేసింది. అహోబిల నరసింహుడు చెంచులక్ష్మిని చేసుకున్నాడు. శ్రీశైల మల్లన్న చెంచు మల్లయ్య అయ్యాడు. ఇంట్లో దేవేరి ఉండగా అడవిలో మరో మనువేమిటని భక్తులెవరూ పంచాయితీ పెట్టలేదు. మనుషుల విషయంలో ఆ ఉదారత ఉండదు. చలం ‘మైదానం’ (1927) నాయిక రాజేశ్వరి భర్తను వదిలి అమీర్‌తో ఊరి బయట బతకడానికి వెళితే, తెలుగు సమాజం ఆ నవలను, రచయితను కూడా దశాబ్దాల పాటు బోనులో నిలబెట్టింది. హాథార్న్‌కూ చలానికీ పోలిక ఎక్కువ దూరం పోదు. హెస్టర్ తన మచ్చను ఒప్పుకుని మోస్తుంది, రాజేశ్వరి మచ్చ అన్నదాన్నే గుర్తించదు.

కృష్ణ దాటితే

విడిపోయే వీలే తగవులను అదుపులో ఉంచుతుందన్న హైమెన్‌డార్ఫ్ వాదానికి గట్టి సాక్ష్యం అమ్రాబాద్‌లో కాదు, నదికి అవతల కర్నూలు వైపు దొరికింది. అక్కడ బ్రిటిష్ అధికారులు చెంచులను పెద్ద పెద్ద గూడేలుగా ఒకచోట చేర్చారు. ఉద్దేశం మంచిదే కావచ్చు: బడి, వైద్యం, కూలిపని, వాటితోపాటు నిఘా. కానీ పొసగని కుటుంబాలు ఒకే వరుసలో బతకాల్సి వచ్చింది. విడిపోయే దారి మూసుకుపోయింది, సారా దగ్గరైంది, కొట్లాటలూ హత్యలూ పెరిగాయి. అదే తెగ, అదే భాష, అవే ఇంటిపేర్లు. నిజాం వైపు పెంటల్లో హత్య అరుదు. తగవు తీర్చుకునే పాత మార్గం పోయింది, కొత్తది రాలేదు. వేట, సేకరణ మీద బతికే సమాజాలను అధ్యయనం చేసేవాళ్ళకు ఇది ఇప్పటికీ పనికొచ్చే ఉదాహరణ.

అధికారులు మాత్రం దీన్ని తెగ స్వభావంగా చదువుకున్నారు. ఆ కాలపు ఆలోచనే అలాంటిది. 1871లో మొదలై పలుమార్లు మార్పులు పొందిన నేరస్త తెగల చట్టం పుట్టుకనే నేరంగా లెక్కగట్టింది. స్టువార్టుపురం ఎరుకల బస్తీ 1913లో దాని కిందే ఏర్పడింది. ఆ చట్టం 1952లో రద్దయింది. ఆ ముద్ర పోలీసు రికార్డు నుంచి పోయినా ఊరి నోటి నుంచి పోలేదు. హెస్టర్ అక్షరాన్ని బట్టతోపాటు విప్పుకోగలిగింది, ఈ తెగల వాళ్ళకు ఇంటిపేరే అక్షరమైంది.

తర్వాత తప్పుల జాబితానే మారిపోయింది. 1972 వన్యప్రాణి చట్టంతో వేట నేరమైంది. 1983లో నాగార్జునసాగర్–శ్రీశైలం పులుల అభయారణ్యం వచ్చింది. రాష్ట్ర విభజన తర్వాత ఇవతలి భాగం అమ్రాబాద్ పులుల అభయారణ్యమైంది, సుమారు 2,611 చదరపు కిలోమీటర్లు. గారెలమైసమ్మకు మొక్కి తెచ్చుకున్నది ఇప్పుడు కేసు. మగ జంతువా ఆడ జంతువా అన్న పాత విచక్షణకు చట్టంలో చోటు లేదు. 2006 అటవీ హక్కుల చట్టం సేకరణకు, నివాసానికి హక్కు గుర్తించింది, వేటకు కాదు.

విమర్శ, నేటి స్థితి

హైమెన్‌డార్ఫ్ చిత్రంలో లోపాలున్నాయి. అతను చూసినది ఒక కాలం, కొన్ని పెంటలు, అదీ ఎక్కువగా పై పీఠభూమి వైపు. మగవాళ్ళ మాటే ఎక్కువ విన్నాడనిపిస్తుంది. భార్య బెట్టీ తోడు ఉన్నా, దెబ్బలు తిన్న ఆడది తన తగవును ఎలా చెప్పుకుందో ఆ పుటల్లో తక్కువ. వెళ్ళిపోయే స్వేచ్ఛ పసిబిడ్డ తల్లికీ, ఒంటరి మగవాడికీ ఒకేలా ఉండదు. మైదానంతో వందల ఏళ్ళుగా సంబంధం ఉన్న తెగను ఆదిమ నీతికి నమూనాగా చూపడం కూడా ప్రశ్నించదగ్గదే. శ్రీశైలం యాత్రికులను కాపాడుతూ, దారి చూపుతూ, మామూళ్ళు పుచ్చుకుంటూ బతికిన వాళ్ళు పాపపుణ్యాల మాట విననివాళ్ళు కారు. విని కూడా తమ తగవుల్లోకి రానివ్వలేదు అనడం ఎక్కువ న్యాయం.

ఇప్పుడు మన్ననూరు గిరిజనాభివృద్ధి సంస్థ (ఐటీడీఏ) పరిధిలో చాలామంది చెంచులు హైదరాబాద్–శ్రీశైలం రోడ్డు వెంబడి కట్టిన కాలనీల్లో ఉంటున్నారు. తగవులు అమ్రాబాద్ పోలీసు స్టేషన్‌కు పోతాయి, అడవి కేసులు రేంజి ఆఫీసుకు. పెద్దమనిషి పంచాయితీ పోలేదు గానీ, పై మెట్టు అధికారి ఒకడు ఎప్పుడూ వెనక ఉంటాడు. పులుల అభయారణ్యం లోపలి ఊళ్ళను బయటికి తరలించే పథకంలో కుటుంబానికి ఇచ్చే మొత్తాన్ని కేంద్రం 2021లో 10 లక్షల నుంచి 15 లక్షలకు పెంచింది. ఇష్టపడి వచ్చేవాళ్ళకే అని నిబంధన. కొత్త చోట ఇళ్ళు వరుసల్లో వస్తాయి, పట్టా ఒక పేరు మీద వస్తుంది, పొరుగు ఎవరో లాటరీయో జాబితాయో తేలుస్తుంది. నచ్చని పొరుగు వస్తే ఏం చేయాలన్న సంగతి ఆ పథకం కాగితాల్లో రాసే అంశం కాదు.